కాలాన్ని దిద్దే రహస్య సంఘం: ఒక నవల, మన ప్రశ్న

నవల: ది ఫ్యూచర్ ఆఫ్ అనదర్ టైమ్‌లైన్. రచన: అన్నలీ న్యూయిట్జ్. అమెరికాలో 2019లో వెలువడినది.

గడచిన కాలానికి తిరిగి వెళ్ళి, అక్కడ జరిగిన అన్యాయాన్ని సరిదిద్దగలిగితే ఎంత బాగుండునని అనుకోనివారు మన ఇళ్ళలో ఎవరున్నారు? తాతలు ఓడ ఎక్కిన కథ చెప్పుకొన్నప్పుడల్లా “ఆనాడు ఆ మేస్త్రీ మాట నమ్మకుండా ఉంటే” అనే నిట్టూర్పు వినబడుతూనే ఉంటుంది. ఆ కోరికనే ఇతివృత్తంగా తీసుకొన్న నవల ఇది. కాబట్టి దీన్ని మన పాఠకులకు పరిచయం చేయడమే కాక, ఇందులో మాకు తోచిన లోటును కూడా చెప్పడం మా విధి అని భావిస్తున్నాము.

కథ సంగ్రహంగా ఇది. ఈ నవలాలోకంలో భూమి మీద అయిదు చోట్ల ప్రాచీన శిలాయంత్రాలున్నాయి. వాటి ద్వారా పండితులు గతంలోకి వెళ్ళి రావచ్చు. అయితే ఒక యంత్రానికి సమీపంలో నాలుగేండ్లకు పైగా కాపురముంటేనే ఆ అర్హత కలుగుతుంది. 2022వ సంవత్సరానికి చెందిన టెస్ అనే భూగర్భశాస్త్రజ్ఞురాలు, ఆమె సహచరులు కలిసి “హ్యారియెట్ పుత్రికలు” అనే రహస్య సంఘంగా ఏర్పడతారు. స్త్రీల హక్కులను చరిత్రలో నుంచే తుడిచివేయాలని చూసే ఒక ముఠా వీరికి ప్రత్యర్థి. ఆ ముఠాకు ఆరాధ్యుడు ఆంథొనీ కామ్‌స్టాక్. ఇతడు కల్పిత పాత్ర కాదు. గర్భనిరోధక సాధనాలను, వాటిని గురించిన రాతలను టపాలో పంపడం నేరమని 1873లో అమెరికా చేసిన చట్టానికి మూలపురుషుడు. కథలో ఎక్కువ భాగం 1893 నాటి చికాగో ప్రపంచ ప్రదర్శనలోను, 1992 నాటి కాలిఫోర్నియాలోను నడుస్తుంది.

మెచ్చదగిన గుణం మొదట చెబుతాము. ఒక్క మహాపురుషుణ్ణి తొలగిస్తే చరిత్ర మారుతుందా, లేక పేరులేని పదిమంది కలిసి నెడితే మారుతుందా అన్న వాదం నవల పొడుగునా సాగుతుంది. రచయిత మొగ్గు రెండవ పక్షం వైపే. ప్రదర్శనలో నాట్యం చేసి పొట్ట పోసుకొనే స్త్రీలు ఏకమయ్యే ఘట్టాలు సజీవంగా ఉన్నాయి. మరొక విషయం: ఈ నవలలోని అమెరికాలో గర్భస్రావానికి ఏనాడూ చట్టసమ్మతి లభించలేదు. నిజమైన అమెరికాలో 1973లో సుప్రీంకోర్టు గుర్తించిన హక్కును అదే కోర్టు 2022 జూన్ 24న తీసివేసింది. దీన్ని జోస్యమని మేము అనము. వచ్చిన హక్కు పోవడం కూడా సంభవమేనని రచయిత ఎరిగి ఉన్నారు, అంతే. ప్రత్యర్థుల చిత్రణలో మాత్రం దుర్మార్గం తప్ప మరో రంగు కనబడదు. ఇది చిన్న దోషం.

పెద్ద లోటు సంఘం పేరులోనే ఉంది. ఆ హ్యారియెట్ మేరీలాండ్ రాష్ట్రంలో బానిసగా పుట్టిన హ్యారియెట్ టబ్‌మన్. నవలాలోకంలో ఆమె సెనేటరు అవుతుంది. వాస్తవంలో ఆమె 1849లో పారిపోయి, తరువాతి పదేండ్లలో సుమారు పదమూడు మార్లు వెనుకకు వెళ్ళి దాదాపు 70 మందిని విడిపించింది. 1863 జూన్‌లో దక్షిణ కరోలినాలోని వరి తోటల మీద జరిగిన దాడికి దారి చూపి 700 మందికి పైగా బానిసల విముక్తికి తోడ్పడింది. ఆమె చేతిలో ఏ శిలాయంత్రమూ లేదు. రాత్రులు దీర్ఘంగా ఉండే చలికాలాన్ని ఎన్నుకొనేది. శనివారం రాత్రి బయలుదేరదీసేది. ఎందుకంటే పరారీ ప్రకటన సోమవారానికి గాని పత్రికలో పడదు. యజమాని గడియారంలో దొరికిన ఆ కాస్త సందులోనే మనుషులను దాటించింది. కాలాన్ని వంచడమంటే ఇదీ! నవల ఆమె పేరును జెండాగా ఎత్తుకొన్నది గాని, ఆమె పుట్టిన తోటలోనికి మనలను తీసుకొనిపోలేదు.

అక్కడికి తీసుకొనిపోయిన నవల వేరే ఉంది. ఆక్టేవియా బట్లర్ 1979లో ప్రచురించిన “కిండ్రెడ్”. 1976లో కాలిఫోర్నియాలో ఉన్న డేనా అనే నల్లజాతి యువతి, తన ప్రమేయం లేకుండానే, గత శతాబ్దపు మేరీలాండ్ తోటలోకి లాగబడుతుంది. అక్కడి యజమాని కొడుకే ఆమె వంశానికి మూలపురుషుడు. వాడు చస్తే తాను పుట్టదు. కనుక తనవారిని హింసించేవాణ్ణే ఆమె పదేపదే కాపాడవలసి వస్తుంది.

మన ప్రశ్న ఇక్కడే ఉంది. మనకే ఆ యంత్రం దొరికి, కోరంగి రేవులో ఓడను ఆపగలిగితే ఆపుతామా? ఆపితే తాతల వీపు మీద దెబ్బలుండవు. మనమూ ఉండము. అన్యాయాన్ని క్షమించకుండానే, దాని వల్ల పుట్టిన మన ఉనికిని స్వీకరించడం ఎలా? బట్లర్ ఈ ముల్లును తొక్కి నడిచింది. న్యూయిట్జ్ పక్కనుండి దాటిపోయారు.

కాలంతో మాయ చేసినవారు మన చరిత్రలో నిజంగానే ఉన్నారు. అయితే వారు తిరుగుబాటుదారులు కారు, దొరలు. మారిషస్‌లో ఒక రోజు పనికి రాకపోతే రెండు రోజుల కూలి కోసే “డబుల్ కట్” ఉండేది. ఫిజీలో పనికి పోయిన రోజులను గిర్మిటు చివర కలిపేవారు. అయిదేండ్లు కలం పోటుతో సాగిపోయేవి. పగలంతా గంట కొట్టినవాడిదే. మన పెద్దలకు మిగిలింది రాత్రి. ఆ రాత్రిలోనే దీపం చుట్టూ రామభజన చేశారు, పిల్లలచేత అ ఆ లు దిద్దించారు. ఈ పత్రిక అక్షరాలు ఆ రాత్రుల నుండి వచ్చినవే.

అందుచేత మా సలహా: మన యువతీయువకులు ముందు “కిండ్రెడ్” చదవాలి, తరువాత ఈ నవల. రెండూ చదివిన పిమ్మట ఇంట్లోని పెద్దవారి దగ్గర కూర్చుని, తోటలో గంట మోగిన తరువాత మనవాళ్ళు ఏమి చేసేవారో అడగాలి. ఆ జవాబు ఏ నవలలోనూ దొరకదు. చెప్పగలిగినవారు మన మధ్య తగ్గిపోతున్నారు.