చలించని మనసు – చెవిన పెట్టని సమాజం: ‘మిసెస్ డాలవే’ నవలలో సైనికుడి మానసిక క్షతం

ప్రవేశిక:
మొదటి ప్రపంచ యుద్ధం 1918 నవంబరులో ముగిసింది. వర్జీనియా వుల్ఫ్ నవల ‘మిసెస్ డాలవే’ 1925లో వెలువడింది. 1923 జూన్ నెలలో ఒక్కరోజు లండన్‌లో జరిగే కథ ఇది. అప్పటికి యుద్ధం ముగిసి నాలుగేళ్లు దాటినా, సెప్టిమస్ వారన్ స్మిత్ అనే మాజీ సైనికుడి మనసులో అది ముగియలేదు. ఈ పాత్రను క్లారిస్సా డాలవేకు ప్రతిరూపంగా వ్యాఖ్యానించడం పరిపాటి. రచయిత్రి కూడా 1928 నాటి ముందుమాటలో ఈ సంబంధాన్ని ప్రస్తావించారు. అయితే విశ్లేషణ ఆ పోలిక దగ్గరే ఆగిపోతే, సైనికుడి క్షతంలో సమాజానికున్న పాత్ర మరుగున పడుతుంది.

గుణమే రోగం:
యుద్ధవిరమణకు కాస్త ముందు ఇటలీలో ఆప్తుడైన అధికారి ఎవాన్స్ మరణిస్తే సెప్టిమస్ చలించలేదు. పైగా అందుకు తనను తాను అభినందించుకున్నాడు. యుద్ధం నేర్పిన పౌరుషం అది. ఆ తర్వాత తనలో అనుభూతి నశించిందన్న భయం పట్టుకుంది. ఆ భయంలోనే ఇటలీ యువతి లుక్రేజియాతో వివాహం నిశ్చయించుకున్నాడు. చివరకు మరణించిన ఎవాన్సే లండన్ ఉద్యానవనంలో అతనికి కనిపిస్తాడు. నాడు అణచివేసిన దుఃఖమే భ్రాంతిగా తిరిగివచ్చింది. సైన్యం మెచ్చిన గుణం, వైద్యులు గుర్తించిన రోగం వేర్వేరు కావు. నవల చేసిన ప్రధాన అభియోగం ఇదే.

వైద్యుల తీర్పు:
‘షెల్ షాక్’ అనే మాట 1915లో చార్లెస్ మయర్స్ వ్యాసంతో వైద్యసాహిత్యంలో స్థిరపడింది. నవలలో డాక్టర్ హోమ్స్ అసలు రోగమే లేదంటాడు. సర్ విలియం బ్రాడ్‌షా రోగతీవ్రతను నిమిషాల్లో గుర్తిస్తాడు. కానీ భార్యకు దూరంగా విశ్రాంతి గృహానికి పంపాలని నిర్ణయిస్తాడు. ఒకరు రోగాన్ని నిరాకరిస్తే, మరొకరు రోగి ఇష్టాన్ని నిరాకరించారు. అతను చెప్పేది ఇద్దరూ వినలేదు. హోమ్స్ మేడ మెట్లెక్కి వస్తుండగా సెప్టిమస్ కిటికీలోంచి దూకి మరణిస్తాడు. అతన్ని ఆ వైద్యుడు పిరికివాడని నిందిస్తాడు. యుద్ధకాలంలో పిరికితనం, పలాయనం వంటి నేరాలకు మరణశిక్ష పొందిన 306 మంది బ్రిటిష్, కామన్వెల్త్ సైనికులకు 2006లో గానీ క్షమాభిక్ష లభించలేదు. సైనిక న్యాయస్థానంలో వాడిన మాటే ఇక్కడ చికిత్సకుడి నోట వినిపిస్తుంది.

మరణానికి కొద్దిసేపటి ముందు సెప్టిమస్ భార్యతో కలిసి ఒక టోపీని అలంకరిస్తూ నవ్వుతాడు. ప్రేమే చికిత్స అని నవల సూచిస్తోందనుకోవడం తొందరపాటు. లుక్రేజియా అలసటను, ఒంటరితనాన్ని, అతను చనిపోతే మేలనుకున్న క్షణాన్ని కూడా రచయిత్రి దాచలేదు. యుద్ధభారం భార్య మీదికీ ఎలా బదిలీ అయిందో ఇక్కడ స్పష్టమవుతుంది.

ముగింపు:
సాయంత్రం విందులో బ్రాడ్‌షా ఈ మరణాన్ని ప్రస్తావిస్తూ, షెల్ షాక్ ఆలస్య ఫలితాలకు చట్టంలో చోటుండాలంటాడు. మనిషి చట్టంలోని ఒక నిబంధనకు ఉదాహరణగా మిగిలాడు. క్లారిస్సా ఆ మరణాన్ని తన దేహంలో ఊహించుకుంటుంది. కానీ ఆమెకు అతని పేరైనా తెలియదు. ‘ప్రతిరూప’ వ్యాఖ్యానం సమాధానం చెప్పవలసింది ఈ అజ్ఞానానికే. వియత్నాం యుద్ధానంతరం, 1980లో అమెరికన్ మనోవైద్య నిర్ధారణ గ్రంథం ఇటువంటి క్షతానికి అధికారికమైన పేరు పెట్టింది. పేరు పెట్టినంత మాత్రాన విన్నట్టు కాదని ఈ నవల అంతకు 55 ఏళ్ల ముందే నిరూపించింది.