కోరిక ఎవరిది? ప్రమాదం ఎవరికి?

శృంగారాన్నీ హత్యనూ పెనవేసి అల్లే హాలీవుడ్ నేరచిత్రాల ప్రసక్తి వస్తే మన విమర్శకులు సాధారణంగా "క్షీణ సంస్కృతి" అని ఒక్క మాటతో తేల్చేస్తారు. ఆ మాట అబద్ధం కాదు. కాని అది తీర్పే తప్ప విమర్శ కాదు. తెరమీద ఎంత చూపించారన్నది అసలు ప్రశ్న కాదు. కోరిక ఎవరిది, ప్రమాదం ఎవరివల్ల ఎవరికి, చివరికి కథ ఎవరి భయాన్ని తీరుస్తున్నది? అడగవలసినవి ఈ ప్రశ్నలు.

ఈ కోవకు ఒరవడి పెట్టిన చిత్రాల్లో ఒకటి బిల్లీ వైల్డర్ 1944లో తీసిన 'డబుల్ ఇండెమ్నిటీ'. ఫిలిస్ అనే ఇల్లాలు భర్తను చంపి బీమా సొమ్ము కాజేయడానికి బీమా ఏజెంటుతో చేతులు కలుపుతుంది. ప్రమాదంలో పోతే సొమ్ము రెట్టింపు వస్తుందన్న ఉపాయం ఏజెంటుదే. అయినా కథ చెప్పేది అతడే కనుక, ప్రేక్షకుని మనసులో ఆమె విషం, అతడు ఆ విషం తాగినవాడు. చివరికి అతని తుపాకికే ఆమె బలి అవుతుంది. 1934 నుంచి గట్టిగా అమలైన హాలీవుడ్ నిర్మాణ నియమావళి నేరానికి శిక్ష చూపి తీరాలన్నది. ఆ చావును నియమావళి రాసిందని మనం సరిపెట్టుకోవచ్చు.

1968లో ఆ నియమావళి పోయింది. 1981లో లారెన్స్ కాస్డన్ తీసిన 'బాడీ హీట్'లో మ్యాటీ భర్తను చంపించి, ప్రియుణ్ణి జైలుపాలు చేసి, డబ్బుతో దూరతీరానికి చేరుకుంటుంది. మరి నియమంతోపాటు భయం కూడా పోయిందా? పోలేదని చెప్పే సాక్ష్యం 1987లో ఏడ్రియన్ లైన్ తీసిన 'ఫేటల్ అట్రాక్షన్'.

డాన్ న్యాయవాది. భార్యా కూతురూ ఊళ్ళో లేని వారాంతంలో అలెక్స్ అనే ఒంటరి స్త్రీతో గడుపుతాడు. ఆమె ఒక ప్రచురణ సంస్థలో సంపాదకురాలు. అంతటితో తన పని అయిపోయిందని అతడనుకుంటాడు. ఆమె గర్భవతినంటుంది, బాధ్యత మాటేమిటని నిలదీస్తుంది. అంతవరకు ఆమె పక్షాన న్యాయముంది. ఆ తర్వాత కథ ఆమెచేత ఆ ఇంటి పెంపుడు కుందేలును ఉడకబెట్టిస్తుంది, కత్తి పట్టిస్తుంది. న్యాయమైన ప్రశ్న అడిగిన నోటికి పిచ్చి అంటగడితే ఇక ప్రశ్నకు జవాబు చెప్పనక్కరలేదు.

మొదట చిత్రీకరించిన ముగింపులో అలెక్స్ తన గొంతు తానే కోసుకుంటుంది. కత్తిమీద డాన్ వేలిముద్రలుంటాయి, పోలీసులు అతణ్ణి పట్టుకుపోతారు. విడుదలకు ముందు ప్రదర్శన వేస్తే ప్రేక్షకులకు అది నచ్చలేదు. అలెక్స్ పాత్రధారిణి గ్లెన్ క్లోజ్ వద్దన్నా వినక ముగింపు తిరిగి తీశారు. కొత్త ముగింపులో డాన్ భార్య బెత్ అలెక్స్‌ను స్నానాలగదిలో కాల్చి చంపుతుంది. కెమెరా కుటుంబ ఛాయాచిత్రం మీద నిలుస్తుంది. ఒకప్పుడు నియమావళి చేసిన పనిని ఇప్పుడు టిక్కెట్టు చేసింది.

తుపాకి భార్య చేతికివ్వడంలోని కిటుకును గమనించాలి. తప్పు చేసినవాడు మగవాడు. చచ్చింది ఒక స్త్రీ, చంపింది మరొక స్త్రీ. అతని చేతులకు నెత్తురంటలేదు, అతని ఇల్లు చెదరలేదు. అమెరికాలో ఉద్యోగం చేసి తన కాళ్ళమీద తాను నిలబడే స్త్రీల సంఖ్య పెరుగుతున్న కాలమది. పెళ్ళి లేకుండా బతకగల స్త్రీ ఆస్తి సంబంధాలమీద నిలిచిన కుటుంబానికి బెదురు పుట్టిస్తుంది. ఆ బెదురుకే ఈ చిత్రం అలెక్స్ అనే రూపమిచ్చింది. సూజన్ ఫలూడి 1991లో తన 'బ్యాక్‌లాష్' గ్రంథంలో దీన్ని స్త్రీ విముక్తి ఉద్యమంపై వచ్చిన ఎదురుదాడిలో భాగంగా చర్చించడం సమంజసమే.

అయితే స్త్రీని శిక్షించకపోతే చాలునా? 1992లో పాల్ వెర్హోవెన్ తీసిన 'బేసిక్ ఇన్‌స్టింక్ట్'లో క్యాథరీన్‌కు శిక్ష లేదు. ఆమె ధనవంతురాలు, రచయిత్రి, ఎవరికీ లొంగదు. దీన్ని స్వేచ్ఛ అన్నవారున్నారు. కాని ఆమెను మనం చూసేది పోలీసు డిటెక్టివ్ కళ్ళతోనే. ఆమెకేం కావాలో కథకు అక్కరలేదు, ఆమెవల్ల అతనికేమవుతుందన్నదే దాని ఆరాటం. స్వలింగ ప్రేమ ఉన్న స్త్రీలను హంతకులుగా చూపుతున్నారని 1991లో శాన్‌ఫ్రాన్సిస్కోలో చిత్రీకరణ జరుగుతుండగానే నిరసనలు వచ్చాయి. మగవాని భయం మగవాని కలతో కలిసిపోయినంత మాత్రాన అది స్త్రీ కోరిక అయిపోదు.

దీనికి పూర్తిగా ఎదురు నిలిచేది సుసానా మూర్ 1995లో రాసిన 'ఇన్ ది కట్' నవల. కథ చెప్పేది న్యూయార్కులో పాఠాలు చెప్పుకునే స్త్రీ. కోరిక ఆమెదే, ఆ కోరికను తూచి చూసుకునే తెలివీ ఆమెదే. ప్రమాదం ఆమెవల్ల రాదు, ఆమెకు వస్తుంది, అదీ చట్టాన్ని కాపాడవలసిన పోలీసువానినుంచి. నవలలో ఆమె హతమవుతుంది. 2003లో దీన్ని తెరకెక్కించిన జేన్ క్యాంపియన్ ఆమెను బతికించింది. ఆ చిత్రంలో హంతకుడు తాను చంపే స్త్రీల వేలికి నిశ్చితార్థపు ఉంగరం తొడుగుతాడు. పెళ్ళి మాటనూ కత్తినీ ఒకే చేతిలో పెట్టి చూపడం ఆషామాషీ ఊహ కాదు.

ఇక్కడా ముగింపు మారింది. కాని నవలలోని చావు అలెక్స్ చావు వంటిది కాదు. అలెక్స్ చావు ప్రేక్షకునికి ఊరట. ఈమె చావు పాఠకునికి నేరారోపణ. కనుక స్త్రీ చచ్చిందా బతికిందా అన్నది కొలబద్ద కాదు. ఆ చావు ఎవరికి నిద్ర పట్టిస్తున్నది, ఎవరికి నిద్ర చెడగొడుతున్నది అన్నదే కొలబద్ద.

ఈ చర్చ మనకెందుకని కొందరు మిత్రులు అడగవచ్చు. మన స్త్రీవాద కవయిత్రులు తమ శరీరాలగురించి తామే రాసుకున్నప్పుడు "నీలి కవిత్వం" అన్న నింద వచ్చింది. అన్నవారిలో అభ్యుదయవాదులూ లేకపోలేదు. స్త్రీ శరీరాన్ని అమ్ముకునేవాడినీ, తన శరీరం తనదని చెప్పుకునే స్త్రీనీ ఒకే గాటన కట్టిన తప్పు అది. "క్షీణ సంస్కృతి" అన్న ఒక్క మాటతో తృప్తిపడే విమర్శ ఆ తప్పునే మళ్ళీ చేస్తుంది. బూతు ఎంతుందో లెక్కించడం సెన్సారువాని పని. భయం ఎవరిదో, దాని మూల్యం ఎవరిచేత చెల్లిస్తున్నారో తేల్చడం విమర్శకుని పని.