చెప్పినందుకే జరిగే కథ: ‘కళాపూర్ణోదయం’లో కాలకల్పన

బేతంచెర్ల సమీపంలోని బిల్లసర్గం గుహల్లో దొరికే ఎముకల గురించి న్యూబోల్డ్ 1844లో రాశాడు. నలభై ఏళ్ల తరువాత రాబర్ట్ బ్రూస్ ఫుట్, ఆయన కుమారుడు హెన్రీ అక్కడ తవ్వకాలు జరిపారు. ఈ గుహల శిలాజాల్లోని ఒక ఖడ్గమృగజాతికి లిడెక్కర్ 1886లో కర్నూలు పేరే పెట్టాడు. గుహలోని మట్టిపొరల కాలం ఒకే దిక్కుకు నడుస్తుంది: అడుగు పొర ముందటిది, పై పొర తరువాతిది. ఇదే సీమలోని బనగానపల్లె రవ్వలకొండలో పోతులూరి వీరబ్రహ్మం రాశాడని జనం నమ్మే కాలజ్ఞానం మరొక కాలాన్ని చూపుతుంది. అక్కడ రాబోయేది ముందే తెలిసి ఉంటుంది. యాగంటి బసవన్న పెరుగుతున్నాడనీ, కలియుగాంతంలో లేచి రంకె వేస్తాడనీ చెప్పుకునే మాటలు ఆ నమ్మకానికి చెందినవే. బేతంచెర్ల నుంచి అదే రైలుమార్గంలో ఉన్న నంద్యాలతో ముడిపడిన మూడో కాలం ఒకటుంది. అది పదహారో శతాబ్దంలో పింగళి సూరన నంద్యాల కృష్ణమరాజుకు అంకితమిచ్చిన ‘కళాపూర్ణోదయం’లోని కాలం.

కాలజ్ఞానానికీ ‘కళాపూర్ణోదయా’నికీ ఉన్న భేదాన్ని గుర్తించడం అవసరం. కాలజ్ఞాని జరగబోయేదాన్ని చెబుతాడు. సూరన కల్పించిన బ్రహ్మ చెప్పినందువల్ల అది జరుగుతుంది. మొదటిది జ్ఞానం, రెండోది నిర్మాణం. ప్రణయవేళ సరస్వతి అలిగి ముఖం తిప్పుకొంటే, ఆ క్షణంలో తన చుట్టూ ఉన్నవాటినే పాత్రలుగా, ప్రదేశాలుగా మార్చి బ్రహ్మ కథ అల్లుతాడు. విహరించే కొలను కాసారపురమవుతుంది. మణులు తాపిన స్తంభం మణిస్తంభుడవుతుంది. సరస్వతి మోము సుముఖాసత్తి అవుతుంది. ‘నా ఆశయం’ అనే అర్థమున్న మాట మదాశయుడనే రాజు పేరవుతుంది. విధాత నోటి మాట వ్యర్థం కారాదు కనుక ఈ ఊసుపోక కథంతా భూమ్మీద మనుషుల బతుకై నడవవలసి వస్తుంది. బ్రహ్మ పగలు వేయి మహాయుగాలన్న లెక్క పురాణాల్లో ఉన్నదే. సూరన ఆ అంకెలను పట్టుకోలేదు. సత్యలోకంలోని ఒక అలక భూలోకంలో జన్మపరంపరగా సాగుతుందన్న సంబంధాన్ని మాత్రం తీసుకొన్నాడు. రెండు లోకాల మధ్య కాలాన్ని సాగదీసే సాధనం ఇక్కడ కథనమే.

ఇటువంటి ఏర్పాటు సూరనకు కొత్త కాదు. ఆయన ‘రాఘవపాండవీయం’ ద్వ్యర్థికావ్యం. అందులో ఒకే పద్యం త్రేతాయుగంలోనూ ద్వాపరంలోనూ ఏకకాలంలో నడుస్తుంది. దాన్ని శ్లేషచాతుర్యంగానే చూడడం అలవాటైంది. ఒక మాట రెండు కాలాలను మోయగలదన్న ఎరుక ఆ కావ్యంలో పద్యస్థాయిలో ఉంది, ‘కళాపూర్ణోదయం’లో కథాస్థాయిలో ఉంది.

ఏ కల్పితశాస్త్రమైనా తన నియమాలకు తాను కట్టుబడితేనే నిలుస్తుంది. ఇక్కడి నియమాల్లో కీలకమైనది నిషేధం. ద్వారకలో ఉద్యానవనంలో ఊయల వేడుకలో ఉన్న కలభాషిణికి ఆకాశంలో విమానమెక్కి పోతున్న రంభానలకూబరుల మాటలు వినిపిస్తాయి. రంభ నోట కళాపూర్ణుని ప్రస్తావన వస్తుంది. అదేమిటని నలకూబరుడు అడిగితే చెప్పరాని కథ అంటుంది. వెల్చేరు నారాయణరావు, డేవిడ్ షుల్మన్ 2002లో వెలువరించిన ఆంగ్లానువాదపు ఉపశీర్షికకు ‘ఎన్నడూ చెప్పకూడని కథ’ అని అర్థం రావడం అందుకే. కలభాషిణికి కలిగిన కుతూహలం అక్కడి నుంచి కావ్యాన్ని నడుపుతుంది. ఆమె పూర్వజన్మలో సరస్వతి పెంపుడు చిలుక అన్న సంగతి చాలా తరువాత గాని తెలియదు. అంటే తాను ఒకసారి విన్న కథనే, తానే పాత్రగా ఉన్న కథనే, తెలుసుకోవాలని ఆమె తహతహలాడుతోంది. కావ్యమంతటిలో ఇంతకన్నా నిశితమైన వ్యంగ్యం లేదు.

రెండో సాధనం మణి. శ్రీకృష్ణుడు మణికంధరునికిచ్చిన హారం చేతులు మారి అలఘువ్రతుని ద్వారా కళాపూర్ణుని కొలువుకు చేరుతుంది. దాన్ని పసికందు మధురలాలసకు వేయగానే ఆ బిడ్డ నోరు విప్పి గతజన్మలు చెబుతుంది. కొలువులో కూర్చున్న రాజు తానెవరో ఒక శిశువు నోట వినవలసి రావడం చిత్రమైన ఘట్టం. ఇక్కడే ఆధునిక కాలయాత్ర కథలతో పోలిక తప్పుతుంది. వెల్స్ 1895 నాటి ‘టైమ్ మెషీన్’లో గాని, సింగీతం శ్రీనివాసరావు ‘ఆదిత్య 369’ (1991)లో గాని యంత్రం దేహాన్ని మోసుకుపోతుంది. సినిమాలోని మనుషులు కృష్ణదేవరాయల కొలువుకు వెళ్లి అక్కడి వ్యవహారంలో తలదూరుస్తారు. సూరన మణి దేహాన్ని కదిలించదు, జ్ఞాపకాన్ని మాత్రమే తెస్తుంది. కలభాషిణిగా బలై ముగిసిన జీవితాన్ని మధురలాలస చెప్పగలదు గాని సరిదిద్దలేదు. టైమ్ మెషీన్ మన కావ్యాల్లో ఎప్పుడో ఉందని వేదికల మీద వినిపించే గొప్పలు ఈ తేడాను చెరిపేస్తాయి. సూరనకు అది మెప్పు కాదు. ఆయన చేసిన పనిని చూడకపోవడమే.

బ్రహ్మ ముందే చెప్పేశాక పాత్రలకు మిగిలిన స్వేచ్ఛ ఎంత? ఈ ప్రశ్నను కావ్యం దాటవేయదు, సూటిగా జవాబూ చెప్పదు. కలభాషిణి నలకూబరుణ్ణి కోరడం, అతణ్ణి పొందడానికి రంభ రూపం ధరించడం, నిజమైన రంభ ఎదురుపడి తగవు రావడం, ఇవన్నీ చదివేటప్పుడు ఆమె సొంత కోరికలుగానే తోస్తాయి. విధాత మాట సంగతి పాఠకునికి తెలిసేసరికి ఆ కోరికలన్నీ నెరవేరో భగ్నమయ్యో పోయి ఉంటాయి. విధి ఆలస్యంగా తెలియడమే సూరన పాత్రలకిచ్చిన స్వేచ్ఛ. అందువల్ల ఇక్కడ కథాక్రమం కేవలం ఉత్కంఠ కోసం పెట్టింది కాదు.

కట్టమంచి రామలింగారెడ్డి ‘కవిత్వతత్త్వ విచారము’ (1914) ఆధునిక విమర్శ దృష్టిని ఈ కావ్యం వైపు గట్టిగా తిప్పింది. అప్పటి నుంచి కథాసంవిధానమే సూరన ప్రతిభగా స్థిరపడింది. ఆ ప్రశంస న్యాయమైనదే అయినా దాని వెనుకనే ఒక చెడ్డ అలవాటు వచ్చింది. పరీక్షల కోసం రాసే కథాసంగ్రహాలు సత్యలోక వృత్తాంతంతో మొదలుపెట్టి, చిలుకను, కలభాషిణిని, మధురలాలసను వరుసగా పేర్చి, కావ్యాన్ని నిటారుగా సాగదీస్తాయి. బిల్లసర్గం పొరల్లా అడుగు నుంచి పైకి చదివిస్తాయి. ఆ వరుసలో చదివిన విద్యార్థికి కలభాషిణి శాపగ్రస్తమైన చిలుకగానే పరిచయమవుతుంది. ఊయల మీద ఉండి ఆకాశం వైపు చెవి ఒగ్గిన అమ్మాయి అతనికి ఎదురే కాదు.

కావ్యం చివరిదాకా ఈ బిగువు నిలవలేదన్నదీ ఒప్పుకోవాలి. శిశువు నోట గుట్టు విప్పుకొన్నాక కాలకల్పనకు చేయవలసిన పని మిగలదు. కళాపూర్ణుని దిగ్విజయం, అభినవకౌముదీ మధురలాలసల సవతిపోరు ఇతర ప్రబంధాల్లో కనిపించే దారినే పడతాయి. ఎనిమిది ఆశ్వాసాల కావ్యాన్ని పాఠ్యాంశానికి కుదించవలసి వచ్చినప్పుడు కోత పడవలసింది అక్కడ. ఊయల ఘట్టం మాత్రం మొదట్లోనే, సూరన ఉంచిన చోటనే ఉండాలి.