ఎవరికి మారుమూల?

బ్రిటిష్ పాలకులు 1858లో అండమాన్‌ను ఖైదీల స్థావరానికి ఎంచుకోవడంలోను, సుమారు నూరేళ్లకు పసిఫిక్ మహాసముద్రంలోని క్రిస్మస్ దీవిని (హిందూ మహాసముద్రంలో అదే పేరుగల దీవి వేరు) హైడ్రోజన్ బాంబు పరీక్షకు ఎంచుకోవడంలోను ఒకే తర్కం కనిపిస్తుంది: ఆ చోటు మారుమూల. కాని ఇక్కడ గ్రేట్ అండమానీ జనం, అక్కడ కొబ్బరితోటలలో గిల్బర్టీ కూలీలు ఉండనే ఉన్నారు. డైరీ ఫార్మ్‌లో కాపురముంటున్న తెలుగు పాఠకునికి ఆ మాటలోని డొల్లతనాన్ని విప్పి చెప్పనక్కరలేదు. నిక్ మెక్లెలన్ రచన ‘గ్రాప్లింగ్ విత్ ది బాంబ్’ (2017) ఆ మాటనే నిలదీసిన గ్రంథం.

1957-58లో మాల్డెన్, క్రిస్మస్ దీవుల వద్ద బ్రిటన్ 9 పరీక్షలు జరిపింది. 1958 ఏప్రిల్ 28 నాటి పేలుడు శక్తి సుమారు 3 మెగాటన్నులు. హిరోషిమా బాంబుకు దాదాపు 200 రెట్లు. అప్పటికి వలసరాజ్యంగా ఉన్న ఫిజీ నుండి సుమారు 300 మంది సైనికులు, నావికులు అక్కడ పనిచేశారు. బాంబు శక్తికి లెక్క ఉన్నది. ఆ మనుషుల ఒంటికి సోకినదానికి సరైన లెక్క లేదు. రేడియేషన్ కొలిచే బిళ్ల తమకు ఇవ్వలేదని పలువురు చెప్పారు. కొలవనివాడే తరువాత రుజువు అడుగుతాడు! వెయ్యిమందికి పైగా మాజీ సైనికుల దావాలను 2012లో బ్రిటిష్ సుప్రీంకోర్టు 4-3 ఆధిక్యంతో కాలదోషం కారణంగా అంగీకరించలేదు. 2015లో ఫిజీ ప్రభుత్వమే తన సైనికులకు ఒక్కొక్కరికి 9,855 ఫిజీ డాలర్లు చెల్లించింది.

గ్రంథకర్త అధ్యాయానికొక వ్యక్తిని తీసుకున్నారు: జపాను జాలరి మతాషిచి ఓయిషి, పరీక్షలను ఎదిరించిన శాంతివాది హెరాల్డ్ స్టీల్, దీవిలో ఉండిన కిరిబాటి స్త్రీ సుయి కిరితోమె. ప్రధానమంత్రికీ ఈమెకూ ఒకే పీట వేయడం ఈ పద్ధతికి గల గొప్ప బలం. అయితే ఒక గొంతు చెవికి అలవాటు పడేలోగా మరొకరు వచ్చేస్తారు. పైగా మనుషులకే అధ్యాయాలు దక్కడంతో దీవి వెనుకతెరగా మిగిలింది. పేలుడు వెలుగుకు కళ్లుపోయిన సముద్రపక్షులను చూసినవారు మరువలేదు. వాటికొక అధ్యాయం లేదు. ఈ లోటుతోనైనా చదవదగిన గ్రంథమిది. కిరితోమె అధ్యాయంతో మొదలుపెట్టవచ్చు. చర్చిల్ అధ్యాయం తరువాత చదివినా నష్టం లేదు.