64 కిలోబైట్లలో ఆర్కెస్ట్రా

1990లో జపాన్‌లో విడుదలైన సూపర్ ఫామికామ్ గేమ్ యంత్రంలో శబ్దానికి కేటాయించిన మెమరీ 64 కిలోబైట్లు. ఇవాళ ఫోనుతో తీసే ఒక్క ఫొటో కూడా అందులో పట్టదు. వయొలిన్లు, ఫ్లూటు, డ్రమ్ములు, వాటిని వాయించే ప్రోగ్రాము అన్నీ అక్కడే సర్దుకోవాలి. ఒకేసారి పలికేవి ఎనిమిది స్వరాలే. ఆటలో కత్తి ఖంగుమన్నా ఆ ఎనిమిదిలోంచే ఒకటి పోతుంది. అలాంటి చోట సంగీతకారుడు నొబువో ఉఎమాత్సు 1994లో ‘ఫైనల్ ఫాంటసీ 6’ ఆట కోసం ఏకంగా ఒక ఒపేరా సన్నివేశాన్నే కట్టాడు! తెర మీద పాట మాటలు కదులుతుంటే, మాటల్లేని చిన్న కంఠధ్వని ఆ బాణీని ఆలపిస్తుంది. అదే ఆటలో చివరి పోరుకి ‘డాన్సింగ్ మ్యాడ్’ అని పావుగంట దాటిన రచన. విన్నవాళ్లకి ఆర్గన్ గుర్తుంటుంది గానీ కిలోబైట్లు గుర్తుకురావు.

అసలు వాద్యాల శబ్దాన్ని రికార్డు చేసుకుని మీటలతో పలికించే శాంపిల్ వాద్యాల చరిత్ర అంతకంటే పాతదే. 1960లలో ఇంగ్లండులో మెలోట్రాన్ వచ్చింది, మీట నొక్కితే లోపల టేపు ముక్క తిరిగేది. 1979లో సిడ్నీ నుంచి ఫెయిర్‌లైట్ వచ్చింది, దాని ఖరీదుకు ఇల్లే కొనుక్కోవచ్చని చెప్పుకునేవారు.

అసలు పనితనం చూడాల్సింది లూపులో. సోనీలో కెన్ కుతరాగి రూపొందించిన సూపర్ ఫామికామ్ శబ్దపు చిప్, ధ్వని తరంగపు 16 కొలతలను 9 బైట్లలోకి కుదించిన రూపంలో చదువుతుంది. అంత కుదించినా పూర్తి నాణ్యతతో నాలుగు సెకన్ల శబ్దం కూడా పట్టదు. అందుకే విల్లు తీగను తాకే తొలి క్షణాన్ని మాత్రం భద్రంగా ఉంచుకుంటారు. చెవి వాద్యాన్ని పోల్చుకునేది ముఖ్యంగా అక్కడే. ఆ తర్వాతి నాదంలోంచి చిన్న ముక్క తీసి మళ్లీ మళ్లీ తిప్పుతారు. అతుకు సరిగ్గా కలవకపోతే ప్రతి చుట్టుకీ టిక్కుమంటుంది. ముక్క మరీ పొట్టిదైతే వయొలిన్ కాస్తా ఈలగా మారిపోతుంది. ఎకో కావాలన్నా ఆ 64లోంచే ఇవ్వాలి. అంటే హాలు పెరిగిన కొద్దీ వాద్యాలకు చోటు తరుగుతుంది.

ఇప్పుడో? స్పిట్‌ఫైర్ ఆడియో వారి ‘బీబీసీ సింఫనీ ఆర్కెస్ట్రా’ శాంపిల్ లైబ్రరీలో పెద్ద ప్యాకేజీ దాదాపు 600 గిగాబైట్లు, ‘డిస్కవర్’ అనే చిన్నది సుమారు 200 మెగాబైట్లు. ఆ చిన్నదాన్ని మామూలు ల్యాప్‌టాప్ కూడా హాయిగా మోస్తుంది. ఉఎమాత్సుకి దక్కినదానితో పోలిస్తే అది మూడు వేల రెట్లకు పైమాటే. అయినా వినబడుతున్నదేమిటి? అన్ని స్వరాలూ మీటను ఒకే బలంతో నొక్కినట్టు, తెర మీది తాళపు గళ్లకి మేకు కొట్టినట్టు, ఊపిరి లేకుండా! పదహారు మంది వాయించిన వయొలిన్ శాంపిల్ మీద ఒకేసారి నాలుగు స్వరాల మేళవింపు (కార్డు) నొక్కితే అరవై నాలుగు వయొలిన్లు మోగుతాయి. ఆ సంగతి పట్టించుకోకుండా దానికే ‘ఎపిక్’ అని పేరు పెడుతున్నారు. ఇది లైబ్రరీ లోపం కాదు, వాయించేవాడి బద్ధకం. ఖరీదైన ప్యాకేజీ కొంటే ఆ బద్ధకం ఇంకా గట్టిగా వినబడుతుంది, అంతే.

కొత్తగా సంగీతం కట్టే కుర్రాళ్లు ముందు చిన్న లైబ్రరీనే పట్టుకోవాలి. కార్డులోని స్వరాలను వయొలిన్లు, వయోలాలు, చెల్లోల మధ్య పంచండి. ప్రతి పలుకుకీ కీబోర్డు మీద ధ్వని బలాన్ని మార్చే చక్రాన్ని (మాడ్ వీల్‌ను) చేత్తో పెంచి తగ్గించండి, ఫ్లూటు వాయించేవాడు ఊపిరి పీల్చుకునే చోట ఖాళీ వదలండి. ఎనిమిది స్వరాల్లో ఒక పాట పూర్తి చేశాకే తొమ్మిదో ట్రాకు తెరవండి.