బందరు ఎవరి మాట?

బందరు అనే మాట పారశీకం. రేవు అని అర్థం. ఇరాన్‌లో బందర్ అబ్బాస్ ఉంది, మన కృష్ణా జిల్లాలో ఉత్త బందరు ఉంది. రైల్వే స్టేషను బోర్డు మీద మచిలీపట్నం అని రాసి ఉండవచ్చు. బస్సు కండక్టరు కేకేసేది బందరనే. మిఠాయి కొట్టువాడు అమ్మేది బందరు లడ్డే. ఇంతగా తెలుగైపోయిన మాటను ఇవాళ ఎవరైనా పరాయిదంటే బందరువాళ్లే నవ్వుతారు. మాటకు దొరికిన ఈ పౌరసత్వం ఆ మాటతో పాటు గుర్తొచ్చే మనుషులకు ఎందుకు దొరకడం లేదన్నదే మా ప్రశ్న.

మేం సముద్రం ఎరగని కడప జిల్లావాళ్లం. వీరపునాయునిపల్లె, ఎర్రగుంట్ల, జమ్మలమడుగు, ప్రొద్దుటూరుల నుంచి బందరు చూడ్డానికి కలిసి వెళ్లాం. మాలో ఇంట్లో ఉర్దూ మాట్లాడేవాళ్లున్నారు, తెలుగు తప్ప మరో భాష రాని దూదేకులవాళ్లున్నారు, ఏ మతమూ పట్టని మిత్రులూ ఉన్నారు. ఊరు చూపించడానికి ఒక గైడును మాట్లాడుకున్నాం. ఆయన మర్యాదస్తుడు, తేదీలు కంఠతా వచ్చినవాడు. మా విమర్శ ఆయన మీద కాదు, ఆయన అప్పజెప్పిన పాఠం మీద. కథనీ కవితనీ విమర్శకు పెడతాం. రోజూ మనుషుల ముందు చదివే ఈ పాఠాన్ని మాత్రం ఎవరూ విమర్శకు పెట్టరు. పాఠ్యపుస్తకం మూసేసినవాళ్లకు కూడా చరిత్ర ఇలాంటి పాఠాల్లోంచే అందుతుంది.

ముందు ఆ పాఠంలోని క్రియాపదాలు చూడండి. 1606 నాటికి డచ్చివాళ్లు ‘వచ్చారు’. 1611లో ఇంగ్లీషువాళ్లు ‘వచ్చారు’. 1669లో ఫ్రెంచివాళ్లు ‘వచ్చారు’. వచ్చి ‘వర్తకం చేశారు’, గిడ్డంగులు ‘కట్టారు’. ముసల్మానుల దగ్గరికి వచ్చేసరికి క్రియ మారిపోతుంది. వాళ్లు ‘దండెత్తారు’, ‘ఆక్రమించారు’, ‘ఏలారు’. ఒకే రేవులో దిగినవాళ్లకు రెండు రకాల వ్యాకరణం! గోల్కొండ రేవులో దిగిన ఇరానీ వర్తకుడి చేతిలో కూడా సరుకుల చిట్టానే ఉంది, కత్తి లేదు. ఆ రేవుకు తుపాకులతో వచ్చి, చివరికి 1759లో కోటను ముట్టడించి పట్టుకున్నవాళ్లు ఇంగ్లీషువాళ్లు. వాళ్లు పట్టుకున్నది ఫ్రెంచివాళ్ల దగ్గరి నుంచి. ఇద్దరు పరాయివాళ్లు మన నేల మీద మన రేవు కోసం కొట్టుకుంటే అది వారసత్వం కిందికి వచ్చింది.

బందరుకోటలో డచ్చివాళ్ల సమాధులున్నాయి. పురావస్తుశాఖ రక్షణలో ఉన్నాయి. పెద్ద పెద్ద రాతిపలకలు, వాటి మీద కులచిహ్నాలు, డచ్చి, లాటిను అక్షరాలు. ఆ రాతిపని చూసి మేమూ మెచ్చుకున్నాం. అక్కడ మాతో వచ్చిన ఒక పెద్దమ్మ, “మరి మనోళ్ల గోరీలు యాడుండాయి నాయనా?” అని అడిగింది. “అవి టూరులో లేవండీ” అన్నాడు గైడు. అబద్ధం చెప్పలేదు. నిజంగానే లేవు. టూరులో లేనివి ఇంకా ఉన్నాయి. పదిహేడో శతాబ్దంలో కరువు వచ్చిన ఏళ్లలో డచ్చి కంపెనీ ఈ కోరమాండల్ తీరంలో మనుషుల్ని బానిసలుగా కొని ఓడలకెక్కించింది. తిండిలేక అమ్ముడుపోయిన ఆ తెలుగు, తమిళ మనుషులకు సమాధి పలకలు లేవు. వాళ్ల గురించి ఒక్క వాక్యమైనా పాఠంలో లేదు. శిల్పం ఉన్నవాడికే చరిత్ర అనుకుంటే ఆకలితో పోయినవాడు రెండోసారి పోతాడు.

రేవు నిజంగా ఎలా నడిచిందో చూస్తే ఈ పాఠం ఎంత పలచనో తెలుస్తుంది. తీరం మెరక, బురద. పెద్ద ఓడ ఒడ్డుకు రాలేదు. లోతునీళ్లలో లంగరేసి నిలబడితే సరుకూ మనుషులూ చిన్న పడవల మీద ఒడ్డు చేరాలి. ఆ పడవ నడిపినవాడు తెలుగువాడు. సరుకు బేరం కుదిర్చిన కోమటి తెలుగువాడు. సుంకం రాసుకున్న అధికారి గోల్కొండ సుల్తాను మనిషి. ఓడ పారశీక సింధుశాఖకు పోవచ్చు, ఎర్రసముద్రంలో మోఖాకు పోవచ్చు, తూర్పు దీవులకూ పోవచ్చు. మక్కాకు బయలుదేరిన హాజీలు కూడా ఈ రేవులో ఓడలెక్కారు. ఒక్క ఓడ కదలాలంటే ఇంతమంది చేతులు కలవాలి. దీన్ని మేం గొప్ప ప్రేమకథ అనడం లేదు. లాభం కోసం, పొట్టకోసం కలిసినవాళ్లే. అలా కలిసినవాళ్లే ఒక ఊరయ్యారు.

ఆ ఓడల్లో పోయిన అసలు సరుకు బట్ట. బందరుకు పక్కనే ఉన్న పెడనలో ఇప్పటికీ అద్దకం పని ఉంది. గుడ్డను కరక్కాయ కషాయంలోనూ పాలలోనూ ముంచుతారు. తుప్పుపట్టిన ఇనుమూ బెల్లమూ కలిపి పులియబెట్టిన నీళ్లతో నల్లరంగు తీస్తారు. పటిక అద్దిన చోట ఎరుపు పట్టుకుంటుంది. ఒకప్పుడు ఈ తీరపు ఎరుపంతా చిరివేరు నుంచి వచ్చింది. నీలానికి నీలిమందు కావాలి. పందొమ్మిదో శతాబ్దంలో ఆ నీలిమందుకు మా కడప జిల్లా పేరు మోసింది. అద్దిన గుడ్డని పారే నీళ్లలో ఉతికి, మళ్లీ ఉడకబెట్టి, మళ్లీ ఉతుకుతారు. పనికి పేరు కలంకారీ, అదీ పారశీకమే. తీగల్లో, పువ్వుల్లో ఇరానీ తోటల నడక ఉంది. చెక్క అచ్చు చెక్కినవాడి, రంగు కాచినవాడి, కాలవలో నడుంలోతు నీళ్లలో నిలబడి ఉతికినవాడి చేతుల నడకా అందులో ఉంది. అయినా పాఠంలో కాళహస్తి కలంకారీ ‘దేవుళ్లది’, బందరు కలంకారీ ‘ముస్లింలది’ అని ఒక గీత గీసేస్తారు. అద్దకపు బల్ల ముందు ఈ గీత నిలబడదు. రంగుకు మతం పట్టాలంటే ముందు పటిక పట్టాలి.

ఇక మా సొంత జిల్లా వైపు తిరుగుదాం. బందరుకూ మాకూ మధ్య ఒక మనిషి ఉన్నాడు, మీర్ జుమ్లా. ఇరాన్‌లో అర్దెస్తాన్‌కు చెందిన నూనె వర్తకుడి కొడుకు. గోల్కొండ చేరి, 1630ల్లో ఈ బందరుకే హవల్దారు అయ్యాడు. ఓడలు నడిపాడు, వజ్రాల వ్యాపారం చేశాడు, సుల్తానుకు కుడిభుజమయ్యాడు. 1650లో జమ్మలమడుగు దగ్గరి గండికోటను పెమ్మసాని నాయకుల నుంచి గెలుచుకున్నాడు. గండికోటలో ఇవాళ కథ చెప్పేవాళ్ల నోట ఈ మనిషి ఒక్కడే ముసల్మాను. ఎదురుగా జామా మసీదు ఉంటుంది. దాన్ని చూపించేటప్పుడు గొంతు మారుతుంది. ఆ గొంతు మార్పు వినడానికి మాకు అలవాటైపోయింది, ముఖ్యంగా 1992 తర్వాత.

మీర్ జుమ్లా చేసినవి దాచమని మేం అడగడం లేదు. 1652లో గండికోటకు వచ్చిన ఫ్రెంచి వర్తకుడు తవెర్నియే, ఫిరంగులు పోయడానికి గుళ్లలోని రాగి విగ్రహాలు కరిగించారని రాశాడు. ఆ పోతపనికి కుదుర్చుకున్న మనిషి ఒక ఫ్రెంచివాడని కూడా రాశాడు. రెండూ చెప్పండి. ఆ తర్వాతి కథా చెప్పండి. తనను పెంచిన గోల్కొండ సుల్తాను షియా, తానూ ఇరానీ షియా. అయినా 1656 నాటికి మీర్ జుమ్లా ఆ సుల్తానును వదిలి మొగలుల కొలువులో చేరాడు. 1663లో అస్సాం యుద్ధం నుంచి తిరిగి వస్తూ చచ్చిపోయాడు. మతం కోసం కోట పట్టినవాడైతే మతం కోసమే సుల్తానుతో ఉండాలి కదా? అతను పట్టింది వజ్రాల దారి, పన్నుల దారి. ఆ దారిన పోయిన రాజుల్లో ఏ మతంవాడు లేడు? మీర్ జుమ్లా ఫిరంగికి జవాబు చెప్పాల్సిన బాధ్యత మూడున్నర శతాబ్దాల తర్వాత జమ్మలమడుగులో పరుపులు కుట్టే దూదేకుల సాయిబు మీద ఎందుకు పడాలి?

ఇక్కడ మావాళ్లతో కూడా ఒక తగువు ఉంది. మాలో కొందరికి గోల్కొండ పేరెత్తితే ఛాతీ ఉప్పొంగుతుంది. నవాబుల వారసులమని చెప్పుకుంటే బాధ తగ్గుతుందనుకుంటారు. గైడు పాఠమూ ఈ పాఠమూ కవలలే. రెండింటిలోనూ ముసల్మాను అంటే సింహాసనం మీద కూర్చున్నవాడే. దూది ఏకినవాడు, గాజులు అమ్మినవాడు, పీర్లచావిడి ఊడ్చినవాడు, డప్పు కట్టి వీధి తిరిగిన ఫకీరు రెండు పాఠాల్లోనూ లేరు. సుల్తానును నరికేవాడికీ మోసేవాడికీ మధ్య ఈ మనుషులు నలిగిపోతున్నారు. ప్రభుత్వం వెనకబడిన కులాల జాబితాలో దూదేకుల, లద్దాఫ్, పింజారీ, నూర్‌బాష్ అని పేర్లు రాసింది. చరిత్ర చెప్పే నోళ్లు ఆ పాటి కూడా చెయ్యలేదు.

భాష సంగతి చూడండి. డచ్చివాళ్లను తెలుగువాళ్లు వలందులన్నారు, ఫ్రెంచివాళ్లను పరాసులన్నారు. వాళ్లు వెళ్లిపోయినా బందరులో వలందపాలెం, పరాసుపేట, ఇంగ్లీషుపాలెం మిగిలాయి. ఊరు కడుపులో పెట్టుకుంది. వెళ్లిపోకుండా ఇక్కడే ఉన్న మమ్మల్ని మాత్రం తురకలన్నారు. టర్కీ ఏ దిక్కునుందో తెలియని మా తాతలు కూడా తురకలే. మా ఊళ్లకు దగ్గర్లోని కలమళ్లలో, క్రీ.శ. 575 నాటిదని చెప్పే తొలి తెలుగు శాసనం దొరికింది. ఆ రేనాటి తెలుగే మా అమ్మల జోలపాట. గోల్కొండలో ఇబ్రహీం కుతుబ్ షాను తెలుగు కవులు మల్కిభరాముడు అని పిలుచుకున్నారు. సంస్కృతం కలపకుండా రాసిన తొలి అచ్చతెలుగు కావ్యం ‘యయాతి చరిత్ర’ను పొన్నిగంటి తెలగన అంకితమిచ్చింది అమీన్ ఖాన్ అనే అధికారికి. తెలుగును అచ్చంగా వినాలని కోరినవాడి పేరు అదయ్యాక తెలుగు ఎవరి సొత్తని వాదిస్తారు?

‘మతసామరస్యం’ అన్న మాటతో కూడా మాకు పేచీ ఉంది. ఉగాదినాడు దేవుని కడప గుడికి ముసల్మానులు వెళ్తారు, బీబీ నాంచారమ్మ మా ఆడబిడ్డ కనుక. కడప పెద్దదర్గాకు హిందువులు వస్తారు. పత్రికలు ఏటా ఫోటో వేస్తాయి. ఫోటో వేసినందుకు సంతోషమే. ఆ ఒక్కరోజు ఫోటోలో నవ్విన మనిషికి మిగిలిన రోజుల్లో పట్నంలో అద్దె ఇల్లు దొరకదు. సామరస్యం అనే మాటలో ఒకడు ఇంటివాడు, ఒకడు చుట్టం. చుట్టాన్ని ఎంత బాగా చూసుకున్నా ‘ఎప్పుడు బయలుదేరతావు’ అన్న ప్రశ్న గుమ్మం దగ్గర కాచుకునే ఉంటుంది.

బందరు ఈ ప్రశ్న ఎన్నడూ అడగలేదు. 1864 నవంబరు తుపానులో ఉప్పెన వచ్చి దాదాపు ముప్పైవేలమందిని మింగింది. నీళ్లు ఎవరి పేటనూ వదల్లేదు. మిగిలినవాళ్లు మళ్లీ అక్కడే ఇళ్లు కట్టుకున్నారు. 2023లో కొత్త రేవుకు శంకుస్థాపన జరిగింది. మళ్లీ ఓడలు వస్తాయి, చూసేవాళ్లూ పెరుగుతారు, పాఠాన్ని మళ్లీ రాసుకుంటారు. అప్పుడు మేం కోరేది పెద్దదేమీ కాదు. పాఠం డచ్చి సమాధుల దగ్గర మొదలుపెట్టకండి. పెడనలో రంగు కాగే బాన దగ్గర మొదలుపెట్టండి. తర్వాత పడవలు నడిచిన కాలవగట్టుకు, కోమట్ల అంగళ్లకు, పీర్లు లేచే చావిళ్లకు, పేరులేని గోరీల దగ్గరికి తీసుకెళ్లండి. సమాధుల పలకలు చివర చూపించండి, ఓడలకెక్కించిన మనుషుల కథతో కలిపి. ‘వచ్చారు’, ‘ఏలారు’, ‘వెళ్లారు’ అన్న క్రియల పక్కన ‘ఉన్నారు’ అన్న క్రియ ఒకటి చేర్చండి. మేం ఆ క్రియకు చెందినవాళ్లం.