భర్త పేరు పలకని భామ: కోనసీమ కలావంతుల కలాపంలో జంట హాస్యం

భామాకలాపంలోని హాస్యాన్ని గురించి మన విమర్శ చెప్పినదంతా దాదాపుగా కూచిపూడి పురుషవేషధారణను దృష్టిలో ఉంచుకొని చెప్పినదే. వేదాంతం సత్యనారాయణశర్మ సత్యభామలో పురుషుడు కనిపించకపోవడమే అక్కడ గీటురాయి. సూత్రధారుడే మాధవి కావడంతో, ఆ పాత్రను విదూషకుని వారసత్వంగా లెక్కించి ఊరుకున్నాము. అయితే ముమ్మిడివరం వంటి కోనసీమ ఊళ్లలో కలావంతులు కూడా ఈ కలాపాన్ని ఆడారు. భామ, మాధవి ఇద్దరూ స్త్రీలే అయినప్పుడు పై గీటురాయి పనికిరాదు.

పేరు చెప్పించే ఘట్టాన్ని పరిశీలిద్దాం. మాధవి భర్త పేరడుగుతుంది. భామ సిగ్గుపడి, డొంకతిరుగుడుగా మాట్లాడి తప్పించుకోజూస్తుంది. మాధవి పట్టు విడవదు. పైగా రాయబారానికి ప్రతిఫలంగా ముక్కెర కోసం బేరమాడుతుంది. పురుషులు ఆడినప్పుడు ఇది ఇల్లాలి సిగ్గుకు అనుకరణ. కలావంతురాలు ఆడినప్పుడో? భర్త పేరు పలకరాదన్న నియమం సంసారస్త్రీది. ఆ సంసారాన్ని సంఘం ఈ నటికి ఇవ్వలేదు. ఆలయసేవలో తాను గానం చేసిన దైవనామమే రంగంమీద నోట రానట్లు ఆమె నటించాలి. ఈ సంగతి అడిగే స్త్రీకీ తెలుసు, సిగ్గు నటించే స్త్రీకీ తెలుసు, ఎదుట కూర్చున్న పెద్దలకూ తెలుసు. నవ్వు ఎవరి మీద అన్నది తేలదు. నా దృష్టిలో ఈ ఘట్టపు బలమంతా ఆ తేలకపోవడంలోనే ఉంది.

ఇద్దరు గాయనీనటీమణుల హాస్యానికి దూరపు ఉదాహరణ ఒకటి ఇక్కడ ఉపకరిస్తుంది. 1962 జూన్ 11న అమెరికాలో సి.బి.ఎస్. టెలివిజన్ ప్రసారం చేసిన 'జూలీ అండ్ కరోల్ ఎట్ కార్నెగీ హాల్'లో జూలీ ఆండ్రూస్, కరోల్ బర్నెట్ పాటలతో హాస్యం పండించారు. అందులో ట్రాప్ కుటుంబ గాయకులను పరిహసించిన ఆండ్రూసే 1965లో ఆ కుటుంబ కథతో వచ్చిన 'ది సౌండ్ ఆఫ్ మ్యూజిక్' చిత్రానికి నాయిక అయింది. (ఇది యాదృచ్ఛికమే, అయినా ముచ్చటైనది.) ఆ పరిహాసంలో నటికీ పాత్రకూ మధ్య ఎడం బాహాటం, ప్రేక్షకులు దానిని చూసే నవ్వుతారు. కలాపంలో ఆ ఎడాన్ని ఎవరూ పైకి చెప్పరు. చెబితే నటి బతుకే చర్చకు వస్తుంది.

1947 నాటి మద్రాసు దేవదాసీ చట్టం ఆ చర్చను రంగస్థలం మీద కాక శాసనసభలో ముగించింది. అంకితవిధిని నిషేధించడం న్యాయమే. దానితోపాటు ఆ స్త్రీల ఆటకు ఆదరణ కూడా తగ్గిపోయింది. కలాపపు దరువులు వ్రాతలో నిలిచాయి. భామ జవాబుకు ముందు పట్టిన మౌనం, మాధవి అప్పటికప్పుడు విసిరిన మాట వ్రాతకెక్కేవి కావు. కనుక కలాపప్రతులను పరిష్కరించేవారు మాధవి సంభాషణను దరువుల మధ్య అతుకుగా కాక, రెండవ నాయిక వాచికంగా ఎంచి పాఠనిర్ణయం చేయవలసి ఉంది.